సూది వేసిన మర్నాడు ఎవరొచ్చారు?

సంపాదకుల వారికి నమస్కారం.

పోయిన ఆదివారం మీ పత్రికలో టీకాల మీద పెద్ద వ్యాసం వేశారు. ఆడపిల్లలకు ఇచ్చే గర్భాశయ ముఖద్వార క్యాన్సర్ టీకాకు తల్లిదండ్రులు ముందుకు రావడం లేదని, అందుకు కారణం నిరక్షరాస్యత, మూఢనమ్మకాలు, వాట్సాప్ అని రాశారు. వాట్సాప్ సంగతి ఒప్పుకుంటాను. మిగతా రెండూ చదివితే కడుపు మండింది, అందుకే ఈ ఉత్తరం. నేను 1986లో ఏఎన్ఎంగా, అంటే ఊళ్లు తిరిగి టీకాలు వేసే ప్రభుత్వ నర్సమ్మగా చేరాను, 2024లో రిటైరయ్యాను. సర్వీసులో ఎక్కువ భాగం పాత ఖమ్మం జిల్లా ఏజెన్సీలోనే గడిచింది. ఎన్ని వేల మంది పిల్లలకు సూది వేశానో నాకే తెలియదు. ఎంతమంది నన్ను చూసి పారిపోయారో మాత్రం బాగా గుర్తుంది.

అసలు మొదట పారిపోయింది నేనే. మా ఊరు మధిర దగ్గర. నాకు ఐదారేళ్లప్పుడు టీకాల మనిషి వస్తున్నాడని తెలిసి మా నాయనమ్మ నన్ను వడ్ల గాదెలో దింపి పైన మూత పెట్టింది. ఆ రోజుల్లో మశూచి టీకా అంటే చేతి మీద మందు చుక్క వేసి, పళ్ల చక్రం లాంటి ఇనప ముక్కను దాని మీద పెట్టి గిర్రున తిప్పేవాళ్లు. అది పుండై, పక్కు కట్టి, పైసా బిళ్లంత మచ్చ పడేది. ఆ రోజు తప్పించుకున్నా మర్నాడు బావి దగ్గర దొరికిపోయాను. ఎడమ చేతి మీద ఆ రెండు మచ్చలూ ఇప్పటికీ ఉన్నాయి.

మా నాయనమ్మకు మశూచి అంటే తెలియక కాదు. ఆమె కడుపున పుట్టిన ఇద్దరు పిల్లలు అమ్మవారు పోసే చనిపోయారు. అమ్మవారు పోసిన ఇంట్లో ఎలా మసులుకోవాలో ఆమెకు ఒక శాస్త్రమే ఉండేది. తాలింపు వేయరు, తల దువ్వరు, గుమ్మానికి వేపమండలు కడతారు, బయటివాళ్లను లోపలికి రానివ్వరు. (బయటివాళ్లను రానివ్వకపోవడం మంచి పద్ధతేనని మాకు ట్రైనింగ్‌లో తర్వాత చెప్పారు.) ఆమె కోపమంతా టీకాల మనిషి వెంట వచ్చినవాళ్ల మీద. ముందు పటేలు, వెనక మస్కూరి (ఊరి నౌకరు). "శిస్తు అడగనీకి వచ్చేదీ వీళ్లే, పిల్లను పట్టుకొని పొడిపించేదీ వీళ్లేనా?" అనేది. అప్పుడు నాకు అర్థం కాలేదు. ఎప్పుడూ తీసుకుపోవడానికే వచ్చేవాళ్లు ఒక్కరోజు ఏదో ఇవ్వడానికి వచ్చామంటే ఎవరు నమ్ముతారు?

చదువులేని వాళ్లే భయపడతారంటే ఇంగ్లండ్ సంగతేమిటి? మశూచి టీకా పుట్టిందే అక్కడ. 1853లో పిల్లలకు టీకా తప్పనిసరి చేస్తూ చట్టం తెచ్చారు. వేయించకపోతే జరిమానాలు, కట్టకపోతే జైలు. 1885 మార్చిలో లీసెస్టర్ పట్నంలో వేల మంది దానికి వ్యతిరేకంగా ఊరేగింపు తీశారు. చివరికి 1898లో ప్రభుత్వమే దిగొచ్చి, మనస్సాక్షి ఒప్పుకోని తల్లిదండ్రులకు మినహాయింపు ఇచ్చింది. వాళ్లు వద్దంటే దానికి చట్టంలో మనస్సాక్షి అని పేరు పెట్టారు. మా కోయ తల్లి వద్దంటే మీ వ్యాసంలో అది మూఢనమ్మకం అయింది.

నేను చేరినప్పుడు గాజు సిరంజీలు. వాటిని, సూదుల్ని కిరసనాయిల్ స్టవ్ మీద మరగబెట్టాలి. ఇరవై నిమిషాలు మరగాలని రూలు. ఊరవతల చెట్టు కింద, గాలికి స్టవ్ ఆరిపోతుంటే, ముప్పై మంది తల్లులు ఎండలో నిలబడి ఉంటే, ఇరవై నిమిషాలు ఎన్నిసార్లు పన్నెండు నిమిషాలయ్యాయో నాకు తెలుసు. గడ్డకట్టి చీము పట్టిన తొడల్ని చూశాను. టీకా మంచిదే, తప్పు మరగని సూదిది. కానీ పిల్ల తొడ మీద ఆ తేడా కనపడదు కదా.

ట్రైనింగ్‌లో మాకు హాఫ్‌కిన్ గురించి పాఠం ఉండేది. 1897లో బొంబాయిలో ప్లేగు టీకా కనిపెట్టి ముందు తన ఒంట్లోకే ఎక్కించుకున్న మహానుభావుడని చెప్పారు. ముల్కోవాల్ పేరు మాత్రం చెప్పలేదు. అది నేను చాలా ఏళ్ల తర్వాత చదివి తెలుసుకున్నాను. 1902లో పంజాబ్‌లోని ఆ ఊళ్లో ఒకే రోజు 107 మందికి ప్లేగు టీకా వేస్తే, ఒకే సీసాలోని మందు వేయించుకున్న 19 మంది ధనుర్వాతంతో చనిపోయారు. సీసా మూత తీసే పట్టకారు నేల మీద పడిందని, దాన్ని సరిగా శుద్ధి చేయకుండానే వాడారని తర్వాత బయటపడింది. అప్పటికే నింద హాఫ్‌కిన్ మీద పడి ఆయన ఉద్యోగం పోయింది. సికింద్రాబాద్‌లో దోమ పొట్టలో మలేరియా క్రిమిని కనిపెట్టిన రొనాల్డ్ రాస్ లాంటివాళ్లు గట్టిగా అడిగితే 1907లో గానీ ఆయన నిర్దోషి అని తేలలేదు. మాకు పాఠంలో ఈ రెండో సగం కూడా చెప్పి ఉంటే, స్టవ్ ఆరిపోయినప్పుడు నా చెయ్యి ఇంకాస్త వణికేదేమో.

ఇంకో సంగతి బయటివాళ్లకు తెలియదు. ఆ రోజుల్లో మాకు టీకాల కన్నా పెద్ద టెన్షన్ కుటుంబ నియంత్రణ ఆపరేషన్ కేసులు. నెలాఖరు మీటింగులో "పిల్లలందరికీ మూడు డోసులు పడ్డాయా?" అని అడిగేవాళ్లు తక్కువ. "నీకెన్ని కేసులయ్యాయి?" అన్నదే మొదటి ప్రశ్న. టార్గెట్ కాకపోతే జీతం ఆపుతామనేవాళ్లు. అంతకు పదేళ్ల ముందే ఎమర్జెన్సీలో, 1976-77 ఒక్క ఏడాదిలోనే దేశం మొత్తమ్మీద 80 లక్షల మందికి పైగా ఆపరేషన్లు చేశారు. అందులో ఎక్కువమంది మగవాళ్లు. ఆ భయం ఊళ్లల్లో ఆరలేదు. అలాంటప్పుడు పొద్దున ఒక ఇంట్లో పిల్లకు సూది వేసి, అదే గుమ్మంలో తల్లిని పక్కకు పిలిచి "ఇద్దరు చాలు, ఆపరేషన్ చేయించుకో" అని నేను చెబితే, ఆ ఇంట్లో అత్తగారు ఏమనుకోవాలి? మనిషి ఒకటే, సంచి ఒకటే. "పిల్లకేసిన సూదిలో కూడా అదే మందా, సిస్టరమ్మా?" అని ఒక ముసలమ్మ నన్ను సూటిగా అడిగింది. నేను నవ్వాను. నవ్వి ఉండకూడదు. 1996లో ఆ టార్గెట్లు ఎత్తేశారు గానీ, ఆమె మనవరాలు పల్స్ పోలియో రోజున బిడ్డను తీసుకుని పొలానికి వెళ్లిపోయింది. ఉత్తరప్రదేశ్‌లో పోలియో చుక్కలు పిల్లలు పుట్టకుండా చేస్తాయని పుకారు లేచినప్పుడు పేపర్లన్నీ ఆశ్చర్యపోయాయి. మా ఏఎన్ఎంలెవరూ ఆశ్చర్యపోలేదు.

ఇప్పుడు నేను రాయాలనుకున్న అసలు విషయానికి వస్తాను. 1991 జులైలో ఒకరోజు వాగవతల ఉన్న కోయ గూడేనికి వెళ్లాను. పద్నాలుగు మంది పిల్లలకు డీపీటీ (కంఠసర్పి, కోరింత దగ్గు, ధనుర్వాతం రాకుండా వేసే సూది) వేశాను. ఎప్పట్లాగే ప్రతి తల్లికీ "ఏం కాదు, ఏం కాదు" అని చెప్పాను. మూడింటికి బయల్దేరితే వాగు పొంగింది. ఇటు రావడానికి లేదు. ఆ రాత్రి ఊరి పటేల్ ఇంటి వరండాలో పడుకున్నాను.

ఐదేళ్ల సర్వీసులో, సూది వేసిన ఊళ్లో రాత్రి ఉండడం నాకు అదే మొదటిసారి. చీకటి పడ్డాక ఒక ఇంట్లో పిల్ల ఏడుపు మొదలైంది. ఇంకాసేపటికి ఇంకో ఇంట్లో. తొమ్మిదింటికి గూడెం గూడెమంతా ఏడుపే. డీపీటీ వేస్తే జ్వరం వస్తుందని, తొడ వాస్తుందని నాకు పుస్తకంలో తెలుసు. అది ఎలా ఉంటుందో తెలియదు. ఒక తల్లి గుడ్డి దీపం పట్టుకుని వచ్చింది. చంకలో ఎనిమిది నెలల పిల్ల. ఒళ్లు పెనంలా కాలిపోతోంది, తొడ గట్టిగా ఎర్రగా ఉంది, ముట్టుకుంటే కెవ్వుమంటోంది. ఆమె నన్ను తిట్టలేదు. పిల్లను నా ఒళ్లో పెట్టి, "ఏం కాదంటివి గదా" అంది. అంతే. వెనక నుంచి ఒక ముసలాయన మాత్రం "మంచిగున్న పిల్లకు జరం తెప్పించే మందేంది?" అన్నాడు. నా దగ్గర జవాబు లేదు. సంచిలో పారాసిటమాల్ బిళ్లలు కూడా పన్నెండే ఉన్నాయి.

తెల్లవార్లూ ఇల్లిల్లూ తిరిగాను. బిళ్లను నలిపి తల్లిపాలలో కలిపి పట్టించాం, తడిగుడ్డతో ఒళ్లు తుడిచాం. తెల్లవారేసరికి ఒకరిద్దరికి తప్ప జ్వరాలు దిగాయి. ఆ పిల్ల నా ఒళ్లోనే నిద్రపోయింది. అంతకుముందు ఐదేళ్లు, ప్రతి ఊళ్లోనూ, నేను మూడింటికి బస్సెక్కాక ఇలాంటి రాత్రే జరిగిందని, ఆ రాత్రి అక్కడ నేను లేనని అప్పుడు తెలిసింది. కాబట్టి ఆ రాత్రి ఏం జరిగిందో ఊళ్లో ఎవరికి తోచినట్టు వాళ్లు చెప్పుకున్నారు. పుకారు అంటామే, అది అలాంటి రాత్రే పుడుతుంది. చెప్పేవాళ్లు ఎవరూ లేని చోట.

ఆ తర్వాత నేను "ఏం కాదు" అన్న మాట మానేశాను. "ఈ రాత్రి జ్వరం వస్తది. ఏడుస్తది. తొడ ముట్టుకోకండి, కాపడం పెట్టకండి, ఈ బిళ్ల సగం వెయ్యండి. రేపు పొద్దున నేనొస్తా" అని చెప్పేదాన్ని. వెళ్లేదాన్ని కూడా. కొన్నిసార్లు సైకిల్ మీద, చాలాసార్లు నడిచి. మొదటి నెల జ్వరమన్న మాట వినగానే నలుగురు తల్లులు లేచి వెళ్లిపోయారు. మా సూపర్‌వైజర్ "నువ్వే భయపెడుతున్నావు" అని కేకలేసింది. ఆరు నెలలకు ఆ నలుగురూ వచ్చారు. సూది వేస్తే జ్వరం వస్తుందని చెప్పిన మనిషి, జ్వరం చూడడానికి మర్నాడు పొద్దున్నే వస్తే, ఆ మనిషి చెప్పే మిగతా మాటలూ నిజమే అయి ఉంటాయని వాళ్ల లెక్క. నాకు అంతకన్నా శాస్త్రీయమైన లెక్క ఇప్పటికీ కనపడలేదు.

ఇక ఖమ్మం సంగతి. మీ వ్యాసంలో దాని ఊసే లేదు. 2009 జులైలో మా జిల్లాలోనే భద్రాచలం, కొత్తగూడెం, తిరుమలాయపాలెం మండలాల్లో పది నుంచి పద్నాలుగేళ్ల ఆడపిల్లలకు మీరు రాసిన ఈ క్యాన్సర్ టీకానే వేశారు. పాత్ అనే అమెరికా సంస్థ, కేంద్రం కింద వైద్య పరిశోధనలు చేయించే ఐసీఎంఆర్, రాష్ట్ర ప్రభుత్వం కలిసి చేసిన ప్రాజెక్టు అది. మా దగ్గర సుమారు 14,000 మందికి, గుజరాత్‌లోని వడోదరలో సుమారు 10,000 మందికి. చాలామంది గిరిజన హాస్టళ్ల పిల్లలు. ఏడాది తిరక్కుండానే పిల్లలు చనిపోయారన్న వార్తలొచ్చాయి. 2010 ఏప్రిల్‌లో కేంద్రం మొత్తం ఆపేసింది.

రెండు రాష్ట్రాల్లో కలిపి ఏడుగురు పిల్లలు. విచారణలో ఒకమ్మాయి నీళ్లలో మునిగి, ఒకమ్మాయి పాము కరిచి, ఇద్దరు పురుగుల మందు తాగి, ఒకమ్మాయి మలేరియా ముదిరి చనిపోయారని తేలింది. మిగతా ఇద్దరి విషయంలో కారణం అంత స్పష్టంగా లేదు. మొత్తమ్మీద ఇవి టీకా వల్ల జరిగిన మరణాలు కావనే అన్నారు. నేనూ అదే నమ్ముతాను. కానీ 2013లో పార్లమెంటు స్థాయీ సంఘం ఇచ్చిన నివేదికలో ఇంకో లెక్క ఉంది. అప్పటి ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో పరిశీలించిన 9,543 అంగీకార పత్రాల్లో 2,763 పత్రాల మీద హాస్టల్ వార్డెన్లే సంతకాలు పెట్టారు. 1,948 పత్రాల మీద వేలిముద్రలున్నాయి. టీకా వేశాక పిల్లల్ని కనిపెట్టుకుని చూసే ఏర్పాటు కూడా సరిగా లేదని ఆ సంఘం తప్పుపట్టింది.

టీకా చంపిందా అన్నది ఒక ప్రశ్న. అమ్మానాన్నల్ని అడిగారా అన్నది ఇంకో ప్రశ్న. మొదటిదానికి లేదు అని జవాబొచ్చింది. రెండోదానికీ లేదు అనే జవాబు. అడగలేదు. జనం ఈ రెండిటినీ కలిపేసుకున్నారని మనం బాధపడుతున్నాం. రెండో దానికి క్షమాపణ చెప్పడానికి ఆ గూడేలకు ఎవరైనా వెళ్లినట్టు నేను చూడలేదు, వినలేదు. అలాంటప్పుడు వాళ్లు విడదీసి ఎలా చూస్తారు?

ఆ ప్రాజెక్టులో నేను లేను, నాది వేరే మండలం. అలాగని చేతులు దులుపుకోలేను. అంతకుముందు నేను ఆశ్రమ పాఠశాలలకు టీటీ (ధనుర్వాతం) సూదులు వేయడానికి వెళ్లినప్పుడు ఏనాడూ తల్లిదండ్రుల్ని అడగలేదు. వార్డెన్ సార్ "కానివ్వండమ్మా" అంటే చాలనుకున్నాను. పిల్లల్ని లైన్లో నిలబెట్టి గంటలో తొంభై మందికి వేసి వచ్చిన రోజులున్నాయి. అది పాత సూది, మంచి సూది, అందరికీ వేసేదే అని నా ధైర్యం. కొత్త సూదితో వచ్చినవాళ్లకు కూడా ఆ లైను రెడీగా దొరికింది. ఆ లైన్లు అలవాటు చేసింది మేమే.

2010 వేసవి తర్వాత మా వైపు ఆశ్రమ పాఠశాలల్లో నా తెల్ల చీర గేటు దగ్గర కనపడగానే పిల్లలు వెనక గోడ దూకేవాళ్లు. బుధవారం, శనివారం టీకాల రోజున ఐదారుగురు తల్లులు కూడా రాని వారాలున్నాయి. తట్టు టీకాకు కూడా రాలేదు, దానికీ ఆ ప్రాజెక్టుకూ ఏ సంబంధం లేకపోయినా. మళ్లీ మొదటి నుంచి, మర్నాడు పొద్దున నడక మొదలుపెట్టాను. అప్పటికి నాకు నలభై ఏడేళ్లు, మోకాళ్ల నొప్పులు.

2019 మార్చిలో హైదరాబాద్‌లో పసిపిల్లలకు పెంటావాలెంట్ (ఐదు జబ్బులకు కలిపి వేసే టీకా) వేశాక జ్వరం బిళ్ల బదులు ట్రామడాల్ అనే గట్టి నొప్పి బిళ్లలిచ్చి ఇద్దరు పసివాళ్లు చనిపోయినప్పుడు కూడా అంతే. తప్పు బిళ్లది, పేరు టీకాకు. కొవిడప్పుడు మా గూడేల్లో జనం మమ్మల్ని చూసి పోడు చేలల్లోకి వెళ్లిపోయారు. 2021 మే నెలలో కృష్ణపట్నంలో కొవిడ్‌కని ఇచ్చిన నాటు మందు కోసం చదువుకున్నవాళ్లు కార్లేసుకుని వెళ్లి క్యూ కట్టారు. ఆ మందు పనిచేసిందని నేను అనడం లేదు. భయం, ఆశ చదువును బట్టి రావు అని మాత్రం అంటున్నాను.

మా అమ్మాయి హైదరాబాద్‌లో సాఫ్ట్‌వేర్. మనవరాలికి పదకొండేళ్లు. ఈ క్యాన్సర్ టీకా వేయిద్దామే అంటే మా అమ్మాయి ఫోన్ తీసి ఖమ్మం పిల్లల ఫార్వర్డ్ చూపించింది. "నీ జిల్లాలోనే కదమ్మా" అంది. నిరక్షరాస్యత అంటారా? అది ఎంటెక్. దాన్ని కూర్చోబెట్టి ఏడుగురు పిల్లల సంగతీ చెప్పాను, వార్డెన్ సంతకాల సంగతీ చెప్పాను, రెండూ దాచకుండా. దేశంలో ఏటా లక్షమందికి పైగా ఆడవాళ్లకు ఈ క్యాన్సర్ వస్తోందని, నా సబ్ సెంటర్ పరిధిలోనే అలా పోయిన ముగ్గురికి చివరి రోజుల్లో గుడ్డలు మార్చింది నేనేనని చెప్పాను. మూడు రోజులు ఆలోచించి సరే అంది. తర్వాత మనవరాలిని కూడా అడిగాం. అది "నొప్పా?" అంది. నొప్పేనన్నాను.

ఒక చిన్న మనవి. మా నెలవారీ రిపోర్టులో ఎన్ని డోసులు వేశాం, ఎన్ని సీసాలు వాడాం, ఎన్ని పారేశాం, అన్నిటికీ గడులుంటాయి. గడ్డకట్టినవి, చనిపోయినవి రాసే గడులు కూడా తర్వాత వచ్చాయి. మర్నాడు ఇంటికి వెళ్లి పలకరించాను అని రాసుకునే గడి మాత్రం నేను చేరిననాడూ లేదు, దిగిపోయిననాడూ లేదు. ఇప్పుడు ఈ కొత్త టీకా వేసే నా చెల్లెళ్లకు ఆ ఒక్క గడి ఇప్పించమని, దానికి కావలసిన బస్సు చార్జీ ఇప్పించమని మీ పత్రిక ద్వారా అధికారుల్ని అడుగుతున్నాను. గడి ఉంటే మీటింగులో అడుగుతారు. అడిగితే వెళ్తారు.

టీకా వేయించిన రాత్రి నేను మనవరాలి పక్కనే పడుకున్నాను. రెండుసార్లు లేచి నుదురు ముట్టుకున్నాను. జ్వరం రాలేదు. పొద్దున స్కూలుకు తయారై, చెయ్యి లాగుతోందని చెప్పి, బస్సు దాకా తన బ్యాగు నాతోనే మోయించింది.

ఇట్లు,
ఒక రిటైర్డ్ ఏఎన్ఎం,
భద్రాద్రి కొత్తగూడెం జిల్లా
(పేరు వేయవద్దని మనవి)